విజయవాడలో తమిళ సినిమా: రీళ్ల పెట్టె నుంచి ఆన్‌లైన్ వీడియో దాకా

కృష్ణా డెల్టా ప్రేక్షకులకు తమిళ సినిమా మూడు రూపాల్లో పరిచయం. మొదటిది, మద్రాసు స్టూడియోల్లో తెలుగుతో పాటే రెండు భాషల్లో తీసిన చిత్రం. రెండోది, తెలుగు మాటలతో హాలుకు వచ్చిన డబ్బింగ్ చిత్రం. మూడోది, తమిళంలోనే నేరుగా ఫోన్‌లోకి వచ్చే పాట, టీజర్, లఘుచిత్రం. నూరేళ్లకు పైబడిన ఈ రాకపోకల్లో ఎక్కువ భాగం విజయవాడ మీదుగా సాగింది. తొలి సినిమా హాలు వన్ టౌన్‌లో వెలిసింది. కోస్తా జిల్లాలకు సినిమాలు పంచే పంపిణీదారుల ఆఫీసులు గాంధీనగర్‌లో వెలిశాయి. తమిళ సినిమా ఎదుగుదలలో తెలుగువాళ్ల చేయి, తెలుగు ప్రేక్షకుడి అభిరుచిలో తమిళ సినిమా ముద్ర రెండూ బలమైనవే. ఒకదాన్ని వదిలి రెండోదాని చరిత్ర రాయడం కుదరదు.

మద్రాసులో ఉమ్మడి పునాది

దక్షిణ భారత సినిమా పునాదుల్లోనే కృష్ణా జిల్లా మనిషి ఉన్నాడు. 1869లో మచిలీపట్నంలో పుట్టిన రఘుపతి వెంకయ్య మద్రాసు వెళ్లి ఫొటో స్టూడియో పెట్టారు. తర్వాత బొమ్మనూ శబ్దాన్నీ జతచేసే యంత్రం తెప్పించి ఊరూరా, బర్మా, సిలోను దాకా తిరిగి ప్రదర్శనలిచ్చారు. మద్రాసులో గెయిటీ, క్రౌన్, గ్లోబ్ హాళ్లు కట్టించారు. కొడుకు రఘుపతి ప్రకాష్‌ను సినిమా పని నేర్చుకోవడానికి విదేశాలకు పంపారు. ఆ తండ్రీకొడుకులు 1921లో మూకీ ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీశారు. అంతకు కొన్నేళ్ల ముందే ఆర్. నటరాజ మొదలియార్ మద్రాసులో ‘కీచక వధం’ తీసి దక్షిణాది మూకీలకు దారి వేశారు. మూకీకి భాష అడ్డు లేదు. ఉపశీర్షికల పలకలు మారిస్తే అదే చిత్రం మదురైలోనూ బెజవాడలోనూ ఆడేది.

తొలి తమిళ టాకీగా చెప్పుకునే ‘కాళిదాస్’ 1931 అక్టోబరు 31న విడుదలైంది. దర్శకుడు హెచ్.ఎం. రెడ్డి తెలుగువాడు. నాయిక టి.పి. రాజలక్ష్మి తమిళంలో మాట్లాడితే కొన్ని పాత్రలు తెలుగులో జవాబిచ్చాయి. ఏలూరు దగ్గర సోమవరప్పాడులో పుట్టిన ఎల్.వి. ప్రసాద్ అందులో పూజారి వేషం వేశారు. అదే హెచ్.ఎం. రెడ్డి తీసిన తొలి పూర్తి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932 ఫిబ్రవరి 6న విడుదలైంది. అంటే రెండు భాషల టాకీలకూ శ్రీకారం చుట్టింది ఒకే చేయి.

ఆ తర్వాత కూడా తమిళ సినిమా పెద్ద విజయాల వెనుక తెలుగు పేర్లు కనిపిస్తూనే వచ్చాయి. నెల్లూరుకు చెందిన వై.వి. రావు 1937లో తీసిన తమిళ ‘చింతామణి’ ఒకే హాలులో ఏడాదికి పైగా ఆడి ఎం.కె. త్యాగరాజ భాగవతార్‌ను తిరుగులేని తారను చేసింది. కృష్ణా జిల్లా కపిలేశ్వరపురానికి చెందిన తాతినేని ప్రకాశరావు శివాజీ గణేశన్‌తో ‘అమరదీపం’ (1956), ఎం.జి. రామచంద్రన్‌తో ‘పడగోట్టి’ (1964) తీశారు.

వన్ టౌన్ హాలు, గాంధీనగర్ ఆఫీసులు

1921లో పోతిన శ్రీనివాసరావు బెజవాడ వన్ టౌన్‌లో మారుతి సినిమా హాలు కట్టించారు. ఆంధ్ర ప్రాంతంలో సినిమా కోసం కట్టిన తొలి శాశ్వత హాలుగా దాన్ని చెబుతారు. అంతవరకు డేరాల్లో తిరుగుతూ వచ్చిన బొమ్మకు ఊళ్లో స్థిరమైన చిరునామా దొరికింది. కాళేశ్వరరావు మార్కెట్, సామారంగం చౌక్, కొత్తపేట, చిట్టినగర్ పరిసరాల్లో సరుకు కొనడానికి పల్లెల నుంచి వచ్చేవాళ్లు పని ముగించుకుని ఆట చూసి వెళ్లడం అలవాటు చేసుకున్నారు. తర్వాతి దశాబ్దాల్లో హాళ్లు గవర్నర్‌పేట, గాంధీనగర్ వైపు విస్తరించాయి. దుర్గా కళామందిరం, లీలామహల్, జైహింద్, విజయా టాకీస్, అలంకార్, అప్సర, నవరంగ్, శైలజ, రాజ్–యువరాజ్, ఊర్వశి–మేనక పేర్లు చెప్పగానే ఈ ఊరి పాతతరం ఏ హాల్లో ఏ చిత్రం చూసిందో చెబుతుంది.

హాళ్ల కంటే పంపిణీ వ్యాపారమే విజయవాడకు పరిశ్రమలో అసలు బలం ఇచ్చింది. నవయుగ ఫిలిమ్స్, పూర్ణా పిక్చర్స్, లక్ష్మీ ఫిలిమ్స్ లాంటి సంస్థలు ఇక్కడి నుంచే కోస్తా జిల్లాలకు బొమ్మలు పంచాయి. నిర్మాత మద్రాసులో ఉన్నా పెట్టుబడిలో గణనీయమైన భాగం పంపిణీదారు ఇచ్చే అడ్వాన్సు రూపంలో ఇక్కడి నుంచే వెళ్లేది. డబ్బు పెట్టినవాడి మాటకు కథ దగ్గర, తారల ఎంపిక దగ్గర విలువ ఉండేది. తమిళంలో ఆడిన ఏ చిత్రాన్ని రీమేక్ చేయాలి, దేన్ని డబ్బింగ్ చేస్తే సరిపోతుంది అన్న లెక్క కూడా ఈ ఆఫీసుల్లోనే తేలేది.

మద్రాసు–హౌరా రైలు మార్గంలో పెద్ద జంక్షన్ కావడం విజయవాడకు కలిసొచ్చింది. ల్యాబులో కడిగిన ప్రింటు రీళ్లను రేకు డబ్బాల్లో సర్ది, పెట్టెలో పెట్టి రాత్రి బండికి ఎక్కిస్తే తెల్లవారేసరికి స్టేషన్లో దిగేది. ‘బాక్సు వచ్చిందా’ అన్నదే హాలువాళ్ల తొలి ప్రశ్న. ప్రింట్లు తక్కువ కాబట్టి ముందు పెద్ద ఊళ్ల ఎ సెంటర్లలో ఆడి, తర్వాత చిన్న ఊళ్ల బి, సి సెంటర్లకు వెళ్లేవి. ఒకే ప్రింటును రెండు హాళ్లు పంచుకున్నప్పుడు ఆడిన రీళ్లను సైకిలు మీద రెండో హాలుకు చేర్చేవారు.

రెండు భాషల చిత్రాలు

1950లలో తమిళం, తెలుగు సినిమాలు ఒకే సెట్టులో పుట్టాయి. తెనాలికి చెందిన చక్రపాణి, కడప జిల్లాకు చెందిన బి. నాగిరెడ్డి కలిసి నడిపిన విజయా సంస్థ ‘పాతాళ భైరవి’ (1951), ‘మిస్సమ్మ’ (1955), ‘మాయాబజార్’ (1957) చిత్రాలను రెండు భాషల్లోనూ అందించింది. తెలుగు మాయాబజార్ 1957 మార్చి 27న, తమిళ రూపం రెండు వారాల తర్వాత విడుదలయ్యాయి. కృష్ణుడు ఎన్.టి. రామారావు, ఘటోత్కచుడు ఎస్.వి. రంగారావు, శశిరేఖ సావిత్రి రెండింటిలోనూ వాళ్లే. అభిమన్యుడు మాత్రం తెలుగులో అక్కినేని నాగేశ్వరరావు, తమిళంలో జెమినీ గణేశన్.

ఈ జాబితాలో డెల్టా వాటా ఆశ్చర్యపరుస్తుంది. రామారావుది నిమ్మకూరు, అక్కినేనిది గుడివాడ ప్రాంతం, రంగారావు పుట్టింది నూజివీడు, గాయకుడు ఘంటసాలది చౌటపల్లి. సావిత్రి విజయవాడలో పెరిగి, నాట్యం నేర్చి, నాటకాలాడి మద్రాసు వెళ్లారు. నృత్యాలు కూర్చిన పసుమర్తి కృష్ణమూర్తిది కూచిపూడి. తెలుగు, తమిళ ‘దేవదాసు’ (1953) తీసిన వేదాంతం రాఘవయ్యదీ అదే ఊరు. తమిళ దేవదాసు తెలుగు నటుడైన అక్కినేనిని తమిళ ప్రేక్షకులకు ఆత్మీయుణ్ని చేసింది.

రీమేకులూ ఈ కాలంలోనే ఊపందుకున్నాయి. శ్రీధర్ ‘కల్యాణ పరిసు’ (1959) తెలుగులో ‘పెళ్లి కానుక’ (1960) అయింది. భీమ్‌సింగ్ ‘పాసమలర్’ (1961) మరుసటి ఏడు ‘రక్త సంబంధం’గా వచ్చింది. రెండింటిలోనూ చెల్లెలు సావిత్రే. అన్న మాత్రం అక్కడ శివాజీ, ఇక్కడ రామారావు. ఇటు తెలుగులో పౌరాణికం, జానపదం నిలదొక్కుకుంటున్న రోజుల్లోనే అటు తమిళ సినిమా ద్రావిడ ఉద్యమానికి వేదికైంది. అన్నాదురై రచన ‘వేలైక్కారి’ (1949), కరుణానిధి మాటలు రాసిన ‘పరాశక్తి’ (1952) సంభాషణే ఆయుధంగా నడిచాయి. తెర నుంచి రాజకీయాల్లోకి వెళ్లిన ఎం.జి.ఆర్. 1977లో, ఎన్.టి.ఆర్. 1983లో ముఖ్యమంత్రులయ్యారు.

డబ్బింగ్ అనే కళ

కన్నడ ‘హరిశ్చంద్ర’ను ఎ.వి. మెయ్యప్పన్ 1944లో తమిళంలోకి మార్చడంతో దక్షిణాదిలో డబ్బింగ్ దారి తెరుచుకుంది. తెలుగులో తొలి డబ్బింగ్ చిత్రం ‘ఆహుతి’ 1950లో హిందీ నుంచి వచ్చింది. దానికి మాటలు, పాటలు రాసింది శ్రీశ్రీ. ఆ తర్వాత ఆరుద్ర, అనిసెట్టి, రాజశ్రీ, వెన్నెలకంటి ఈ పనికి అంకితమైనవాళ్లలో ముఖ్యులు. శివాజీ ‘వీరపాండియ కట్టబొమ్మన్’ (1959) ‘వీరపాండ్య కట్టబ్రహ్మన’గా తెలుగులోకి రావడం ఆ తొలినాళ్ల పెద్ద ఉదాహరణ.

డబ్బింగ్ రాయడం అనువాదం కంటే కష్టం. తెర మీద పెదవులు కలిసిన చోట ప, బ, మ లాంటి అక్షరం పడాలి. నోరు తెరుచుకున్న చోట దీర్ఘం కావాలి. తమిళ వాక్యం ఎన్ని క్షణాలుంటే తెలుగు వాక్యం అన్నే క్షణాల్లో ముగియాలి. ఇన్ని కట్టుబాట్లలోనూ అది తెలుగువాడు మాట్లాడినట్టే ఉండాలి. పాటల్లో దీనికి తోడు తాళం, స్వరం ముందే ఖాయమై ఉంటాయి. పాత పద్ధతిలో సన్నివేశాన్ని చిన్న చిన్న లూపులుగా కోసి, తెర మీద మళ్లీ మళ్లీ వేస్తుంటే కళాకారులు మైకు ముందు నిలబడి మాట కలిపేవారు. కంప్యూటర్ వచ్చాక ఒక్కో గొంతును విడివిడిగా రికార్డు చేస్తున్నారు.

ఈ కళ కొన్ని శాశ్వతమైన గొంతులను ఇచ్చింది. ‘మన్మథ లీల’ నుంచి ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం కమల్‌హాసన్‌కు తెలుగు గొంతయ్యారు. ‘దశావతారం’ (2008)లో ఒక్కరే అనేక పాత్రలకు వేర్వేరు గొంతులతో మాట్లాడారు. రజనీకాంత్‌కు గాయకుడు మనో, సూర్యకు శ్రీనివాసమూర్తి అలాగే స్థిరపడ్డారు. కార్తి తన పాత్రలకు తానే తెలుగులో చెప్పుకుంటారు. వీళ్ల వల్లే తమిళ నటులు ఇక్కడ పరాయివాళ్లుగా అనిపించలేదు.

దర్శకులు కూడా నేరుగా తెలుగులోకి వచ్చారు. కె. బాలచందర్ ‘మరోచరిత్ర’ (1978) తెలుగులో తీస్తే అది డబ్బింగ్ లేకుండానే మద్రాసులో నెలల తరబడి ఆడింది. భారతిరాజా ‘పదినారు వయదినిలే’ (1977) రాఘవేంద్రరావు చేతిలో ‘పదహారేళ్ల వయసు’ (1978) అయింది. కృష్ణా జిల్లా పమిడిముక్కలలో పుట్టిన చంద్రమోహన్ అందులో ప్రధాన పాత్ర పోషించారు. భారతిరాజాయే తెలుగులో ‘సీతాకోక చిలుక’ (1981) తీశారు. మణిరత్నం ‘గీతాంజలి’ (1989)తో అదే పని చేశారు.

‘నాయకుడు’ తర్వాత

1987లో వచ్చిన మణిరత్నం ‘నాయకుడు’ డబ్బింగ్ చిత్రం మీద ఉన్న చిన్నచూపును చెరిపేసింది. ‘ఘర్షణ’ (1988), ‘రోజా’ (1992), శంకర్ ‘జెంటిల్‌మన్’ (1993), ‘ప్రేమికుడు’ (1994), ‘బొంబాయి’, ‘బాషా’ (1995), ‘భారతీయుడు’, ‘ప్రేమదేశం’ (1996), ‘నరసింహ’ (1999), ‘సఖి’ (2000) వరుసగా వచ్చాయి. ఇళయరాజా, ఎ.ఆర్. రెహమాన్ పాటలు తెలుగు మాటలతోనే క్యాసెట్లలో ఇంటింటికీ చేరాయి. రెహమాన్ తొలి పాటలకు తెలుగు మాటలు ఇచ్చిన రాజశ్రీ 1994లో కన్నుమూశారు. ఆయన పాటలు మాత్రం ఇప్పటికీ పెళ్లిపందిళ్లలో వినిపిస్తున్నాయి.

మీడియా కూడా ఈ చేరువను పెంచింది. 1948 డిసెంబరు 1న మొదలైన ఆకాశవాణి విజయవాడ కేంద్రం సినిమా పాటను డెల్టా పల్లెలకు చేర్చింది. ఇక్కడి ఆంధ్రజ్యోతి సంస్థ నుంచి వచ్చిన ‘జ్యోతిచిత్ర’ వారపత్రిక మద్రాసు కబుర్లు మోసుకొచ్చింది. 1995లో జెమినీ టీవీ, ఈటీవీ మొదలయ్యాక తమిళ డబ్బింగ్ చిత్రాలు మధ్యాహ్నపు ఇంటి కాలక్షేపంలో భాగమయ్యాయి.

2000 తర్వాత వచ్చిన చిత్రాల్లో ‘చంద్రముఖి’, ‘అపరిచితుడు’, ‘గజిని’ (2005), ‘రోబో’ (2010), ‘జర్నీ’, ‘రంగం’ (2011) గుర్తుండేవి. 2016లో ‘బిచ్చగాడు’ పెద్ద పేరు లేని నటుడితో, పెద్దగా ప్రచారం లేకుండా వచ్చి తెలుగులో వంద రోజులు ఆడింది. కథ గట్టిగా ఉంటే తార ఎవరన్నది డెల్టా ప్రేక్షకుడు అడగడని అది రుజువు చేసింది. అదే సమయంలో పోటీ భయమూ పెరిగింది. 2023 సంక్రాంతికి విజయ్ నటించిన ‘వారసుడు’ రాబోతుండగా, పండగ రోజుల్లో నేరుగా తీసిన తెలుగు చిత్రాలకే హాళ్లలో ప్రాధాన్యం ఇవ్వాలని తెలుగు నిర్మాతల మండలి కోరింది. ఆ చిత్ర నిర్మాత దిల్ రాజు తెలుగువారే కావడం రెండు పరిశ్రమలు ఎంతగా అల్లుకున్నాయో చెబుతుంది.

పెట్టె పోయింది, ఫోన్ వచ్చింది

2005 తర్వాతి పదేళ్లలో డిజిటల్ ప్రొజెక్షన్ స్థిరపడింది. చెన్నైలో పుట్టిన క్యూబ్ వంటి వ్యవస్థలు రీలు స్థానంలో సంకేత భద్రత గల ఫైలును హాలుకు పంపాయి. దాంతో ఎ, బి, సి సెంటర్ల మధ్య వారాల తేడా పోయి అన్ని ఊళ్లలో ఒకేసారి విడుదల సాధ్యమైంది. రైలు పెట్టెతో పాటు ఆ పనిలో బతికిన రిప్రజెంటేటివ్‌లు, రీళ్లు మోసిన కుర్రాళ్లు, కార్బన్ కడ్డీల వెలుగులో చెమటోడ్చిన ఆపరేటర్ల నైపుణ్యం అవసరం లేకుండా పోయింది.

అసలు మలుపు మాత్రం యూట్యూబ్‌తో వచ్చింది. 2011 నవంబరు 16న ‘3’ చిత్రం కోసం ధనుష్ పాడిన ‘వై దిస్ కొలవెరి డి’ అధికారికంగా విడుదలైంది. స్వరకర్త అనిరుధ్‌కు అదే తొలి చిత్రం. స్టూడియోలో పాడుతున్న దృశ్యం తప్ప అందులో ఆర్భాటం లేదు. అయినా రోజుల్లో దేశమంతా పాకింది. సినిమాకు ముందే, సినిమాతో పనిలేకుండా, ఒక తమిళ పాట తెలుగు కుర్రాళ్ల నోట పలికింది. మధ్యలో పంపిణీదారు లేడు, డబ్బింగ్ రచయిత లేడు.

2016 సెప్టెంబరులో జియో రాకతో డేటా చవకైంది. దాంతో వీడియో చూడటం పల్లెల్లోనూ రోజువారీ అలవాటైంది. 2017లో విజయ్ ‘మెర్సల్’ టీజర్‌కు లైకుల రికార్డు కోసం అభిమానులు పోటీపడ్డారు. హాలు ముందు కటౌట్‌కు పాలాభిషేకం చేసిన ఉత్సాహం వ్యూస్ లెక్కలోకి మళ్లింది. ‘మారి 2’లోని ‘రౌడీ బేబీ’ వీడియో 2019 జనవరిలో వచ్చి, 2020 నవంబరులో యూట్యూబ్‌లో 100 కోట్ల వీక్షణలు దాటింది. దక్షిణాది పాటల్లో ఆ గీత దాటిన మొదటిది అదే. యువన్ శంకర్ రాజా స్వరం, ప్రభుదేవా నృత్య దర్శకత్వం, ధనుష్–సాయిపల్లవి ఆట దానికి బలం. ‘ఫిదా’తో తెలుగు ఇళ్లలో అప్పటికే మన అమ్మాయిగా మారిన సాయిపల్లవి ఉండటం ఇక్కడి ఆదరణకు ఒక కారణం. 2021లో ‘వాత్తి కమింగ్’, 2022లో ‘అరబిక్ కుత్తు’, 2023లో ‘కావాలా’ చిన్న నృత్య వీడియోలకు ముడిసరుకయ్యాయి. సినిమాతో సంబంధం లేని ‘ఎంజాయ్ ఎంజామి’ (2021) భూమి లేని శ్రామికుల వారసత్వాన్ని పాడి, ఆన్‌లైన్ పాటకు సామాజిక గొంతు కూడా ఉందని చాటింది.

లఘుచిత్రాల దారి

తమిళంలో ఆన్‌లైన్ వీడియో కొత్త దర్శకులకు శిక్షణశాల అయింది. కలైంజ్ఞర్ టీవీ నడిపిన ‘నాళైయ ఇయక్కునర్’ లఘుచిత్రాల పోటీ నుంచి కార్తీక్ సుబ్బరాజ్, నలన్ కుమారస్వామి, బాలాజీ మోహన్ వచ్చారు. బాలాజీ మోహన్ లఘుచిత్రం యూట్యూబ్‌లో ఆదరణ పొంది 2012లో తమిళ, తెలుగు భాషల పూర్తి చిత్రంగా మారింది. తెలుగులో దాని పేరు ‘లవ్ ఫెయిల్యూర్’. ప్రదీప్ రంగనాథన్ 2017 నాటి ‘యాప్ లాక్’ ఆలోచన 2022లో ‘లవ్ టుడే’గా పెరిగి తెలుగులోనూ గెలిచింది. తెలుగులో రాజ్ తరుణ్, సుజీత్ లాంటివాళ్లు లఘుచిత్రాల నుంచే వచ్చారు.

పల్లె వంట వీడియోల్లోనూ రెండు ప్రాంతాల మధ్య పోలిక ఉంది. తెనాలి దగ్గర గుడివాడ గ్రామానికి చెందిన మస్తానమ్మ నూరేళ్లు దాటిన వయసులో ‘కంట్రీ ఫుడ్స్’ ద్వారా ప్రపంచానికి తెలిసి 2018 డిసెంబరులో కన్నుమూశారు. అదే ఏడు పుదుక్కోట్టై జిల్లాలో మొదలైన ‘విలేజ్ కుకింగ్ ఛానల్’ 2021లో కోటి మంది చందాదారులను దాటిన తొలి తమిళ ఛానల్ అయింది. దాని బృందం 2022లో కమల్‌హాసన్ ‘విక్రమ్’లో కూడా కనిపించింది.

కోవిడ్ కాలంలో హాళ్లు మూతపడటంతో ఓటీటీ బలపడింది. తెలుగు కుటుంబానికి చెందిన సుధా కొంగర తీసిన ‘సూరరై పోట్రు’ 2020 నవంబరులో ‘ఆకాశం నీ హద్దురా’ పేరుతో తెలుగులోనూ ఒకేసారి ఇంటికొచ్చి, జాతీయ ఉత్తమ చిత్రం పురస్కారం పొందింది. తెలుగుతో మొదలైన ‘ఆహా’ వేదిక 2022 ఏప్రిల్‌లో తమిళంలోకి విస్తరించింది.

అంచనా

రీళ్ల పెట్టె కాలంలో ఏ తమిళ చిత్రం చూడాలో గాంధీనగర్ ఆఫీసు నిర్ణయించేది. ఇప్పుడు ప్రేక్షకుడే నిర్ణయిస్తున్నాడు. ఇది మంచి మార్పు. తమిళాన్ని తమిళంలోనే వినే తరం వచ్చింది. ఉపశీర్షికలు చదివే ఓపికా వచ్చింది. అయితే ఈ వేగంలో ఒక అన్యాయం జరుగుతోంది. యూట్యూబ్‌లో పెడుతున్న పాత డబ్బింగ్ చిత్రాల కింద నటుల పేర్లు ఉంటాయి గానీ, తెలుగు మాటలు రాసినవాళ్ల పేర్లు, గొంతు అరువిచ్చినవాళ్ల పేర్లు చాలాసార్లు ఉండవు. తెలుగువాడు తమిళ కథను తన కథగా అనుకున్నాడంటే అది వాళ్ల శ్రమే.

‘భీష్మ ప్రతిజ్ఞ’, ‘కాళిదాస్’ ప్రింట్లు ఈనాడు లేవు. దాచుకోవాలన్న ధ్యాస లేకపోవడం వల్ల ఏం పోగొట్టుకున్నామో చెప్పడానికి ఆ రెండు పేర్లు చాలు. వన్ టౌన్ ఇళ్లలో, పాత పంపిణీ ఆఫీసుల అలమరల్లో ఇంకా మిగిలిన పాటల పుస్తకాలు, వాల్‌పోస్టర్లు, కరపత్రాలు, కలెక్షన్ పుస్తకాలు స్కాన్ చేసి గ్రంథాలయాలకు అందించాలి. ఆన్‌లైన్‌లో డబ్బింగ్ చిత్రం పెట్టే ప్రతి సంస్థా తెలుగు రచయిత పేరు, గాత్రం ఇచ్చినవాళ్ల పేర్లు తప్పనిసరిగా రాయాలి. ఈ రెండు పనులూ ఈ తరమే చేయాలి. ఆ పేర్లు, ఆ సంగతులు తెలిసిన పెద్దలు మన మధ్య ఉండగానే చేయాలి.